రెండోసారి వేడికి నిలిచిన ఆలుగడ్డ

శంషాబాద్ విమానాశ్రయం పక్కన ఒక ఫ్లైట్ కిచెన్‌లో నన్ను హాట్ కిచెన్ సూ షెఫ్‌గా వేసింది కరోనా తగ్గి విమానాలు మళ్లీ నిండుగా ఎగరడం మొదలైన ఏడాది, ఎండాకాలం ముంగిట్లో. సూ షెఫ్ అంటే వంటింట్లో రెండో కుర్చీ అనుకోండి. పైన ఎగ్జిక్యూటివ్ షెఫ్ ఉంటారు. మెనూలు, మీటింగులు ఆయనవి. పొయ్యి దగ్గర ఏం మాడినా, ఏం పొంగినా మాట పడాల్సింది మాత్రం సూ షెఫ్. కుర్చీ అన్నానే గానీ, రిటైరయ్యే దాకా దాంట్లో తీరుబడిగా కూర్చున్న గుర్తు నాకు లేదు.

విమానంలోనే వంట చేస్తారా అని ఇప్పటికీ నన్ను అడుగుతుంటారు. మైలార్‌దేవ్‌పల్లిలో మా వీధివాళ్లు, చర్చిలో నా పక్కన కూర్చునేవాళ్లు కూడా అడుగుతారు. చేయరు. వంటంతా నేల మీదే. వండిన కూరను వెంటనే బ్లాస్ట్ చిల్లర్‌లోకి తోస్తాం. అది చలిగాలిని జోరుగా కొట్టి, పొగలు కక్కే కూరను క్రిములు పుట్టే వ్యవధి ఇవ్వకుండా చల్లార్చే యంత్రం. ఆ చల్లటి కూరను రేకు డబ్బాల్లో నింపడాన్ని డిషింగ్ అంటాం. డబ్బాలు చలిగదిలో ఉండి, లారీ ఎక్కి, విమానం ఎక్కుతాయి. పైన ఎయిర్ హోస్టెస్ చేసేది ఆ డబ్బాలను ఓవెన్‌లో వేడిచేయడం వరకే. అంటే ప్రయాణికుడి నోటికి చేరేది రెండోసారి వేడెక్కిన కూర. ఈ ఒక్క సంగతి ఒంటపట్టక, పెద్ద పెద్ద హోటళ్లలో చేయి తిరిగిన వంటవాళ్లు కూడా మా దగ్గరికొచ్చి తెల్లమొహం వేశారు.

పప్పుకు ఈ తతంగం అంతా మంచిదే, చల్లారి మళ్లీ వేడెక్కితే ఇంకా బాగుంటుంది. అన్నం ఎట్లాగో సర్దుకుంటుంది. మొండికేసేది ఆలుగడ్డే. వేపి పెడితే తోలులా సాగుతుంది. మెత్తగా ఉడికించి పెడితే ముక్క చితికి, అడుగున నీళ్లు దిగుతాయి. ముద్ద చేసి పెడితే బంక. పైగా మాకొచ్చే గడ్డ కాటేదాన్ కోల్డ్ స్టోరేజీలది. ఎక్కువకాలం చలిలో ఉన్న గడ్డ తీపెక్కుతుంది, నూనెలో వేయగానే నల్లబడుతుంది. అట్లాగని ఆలుగడ్డ లేకుండా మెనూ రాయగలమా? శాకాహారి ట్రేలో సగం రోజులు కూర అంటే ఆలుగడ్డే. అందరూ తింటారు, ఎవరికీ పడదన్న మాట ఉండదు, సంవత్సరమంతా దొరుకుతుంది.

ఆ గడ్డలను తొక్క తీసి కోసేది మా వెజ్ ప్రిపరేషన్ విభాగం. పది మందికి పైగా ఆడవాళ్లు, చాలామంది తొండుపల్లి, చుట్టుపక్కల ఊళ్లవాళ్లు. వాళ్లకు పెద్దదిక్కు యాదమ్మ. ఒకప్పుడు సొంత పొలంలో టమాటా, వంకాయ పండించి మార్కెట్‌కు తోలిన రైతు ఇల్లాలు. పొలం పోయాక, మొగుడు మంచానపడ్డాక, ఆమె కత్తి మీదే ఇల్లు నడుస్తోంది. నోరు పెద్దది, చెయ్యి అంతకంటే వేగం. మా ఇద్దరికీ పడేది కాదని అందరూ అనుకునేవాళ్లు. రోజూ అరుచుకునేవాళ్లం మరి. కానీ అరుచుకోకుండా వంటిల్లు నడుస్తుందా?

ఒకరోజు పొద్దున జనరల్ మేనేజర్ గారు నన్ను, ఎగ్జిక్యూటివ్ షెఫ్‌ను పిలిచారు. ఒక ఎయిర్‌లైన్ తమ మెనూ మార్చుతోంది, తెలంగాణ రుచి ఒకటి కావాలంటోంది, ఆలుగడ్డ కూర అందులో ఉండాలి అన్నారు. అంతవరకు బాగానే ఉంది. ఆ తర్వాత అసలు సంగతి చెప్పారు. కోసి, సగం ఉడికించి, గడ్డకట్టించిన ఆలుగడ్డ ముక్కలు అమ్మే కంపెనీ ఒకటి వచ్చింది. ఆ ముక్కలు తీసుకుంటే బస్తాలతోపాటు మట్టి లోపలికి రాదు, తొక్కల చెత్త ఉండదు, నీళ్లు మిగులుతాయి. ఆలుగడ్డ పోతే ప్రిపరేషన్‌లో సగం పని పోతుంది. మిగిలిన సగం కోసం విభాగాన్ని నడపనక్కర్లేదు.

"మీరు అర్థం చేసుకోవాలమ్మా. నాకు ఎవరి మీదా కోపం లేదు. మట్టి వంటింట్లోకి రాకూడదని ఆడిటర్లు ప్రతిసారీ రాస్తున్నారు" అన్నారాయన. ఆయన గోదావరి వైపు మనిషి, ఎంత చేదు మాటైనా మర్యాదగా చెబుతారు. మట్టి సంగతి నిజమే. కాదనలేకపోయాను. అందుకే ఇంకా ఒళ్లు మండింది.

చివరికి కుదిరిన మాట ఇది: మెనూ ప్రెజెంటేషన్ రోజున రెండు కూరలూ పెడదాం. ఆ కంపెనీ ముక్కలతో ఒకటి, మన గడ్డలతో ఒకటి. ఎయిర్‌లైన్‌వాళ్లకు ఏది నచ్చితే అది. మెనూ ప్రెజెంటేషన్ అంటే ఎయిర్‌లైన్ తరఫు మనుషులు వచ్చి, రుచి చూసి, మెనూ ఖాయం చేసే రోజు. మాకు అది పెళ్లిచూపుల్లాంటిది. ఉన్న వెండి సామానంతా బయటికొస్తుంది.

ఇట్లాంటి కబురును గోడలు కూడా చెవులు పెట్టి వింటాయి. నేను మెట్లు దిగేసరికే యాదమ్మ చేతిలో కత్తితో ఎదురొచ్చింది.

"ఎస్తేరక్కా, మమ్ముల తీసేస్తరంట గద? మిషిన్ల కోసిన ముక్కలొస్తయంట?"

"ఇంకా ఏం కాలేదు. పోయి పని చూసుకో."

"ఏం కాలేదంటె ఎట్ల? మీకేమో రుచి చూసుడు, మాకేమో బతుకు."

పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటం అంటారు. ఆ మాట నా మొహాన కొట్టినట్టయింది. తీసేయనివ్వనని ఆమెకు మాటివ్వలేదు. అట్లా ఇచ్చే అధికారం నాకు లేదు. కానీ అప్పుడే మనసులో గట్టిగా అనుకున్నాను, ఈ గడ్డ సంగతి తేల్చకుండా వదలనని.

నువ్వులు, ఎండుకొబ్బరి నూరి, చింతపండు పోసి చేసే ఆలుగడ్డ కూర మా అమ్మ చేతి వంట. దాన్నే ఎంచుకున్నాను. పొయ్యి మీద అది బ్రహ్మాండంగా వచ్చింది. చల్లార్చి, పరీక్షలకు పెట్టుకున్న విమానం ఓవెన్‌లో మళ్లీ వేడిచేస్తే మాత్రం ముక్క చితికిపోయి గ్రేవీ అంతా పిండిపిండిగా తయారైంది. తక్కువ ఉడికించి చూశాను. అంచులు చితికాయి, నడుమ పచ్చిగా ఉంది. ముందు నూనెలో వేపి వేశాను. తోలు. ఆవిరి మీద ఉడికించాను. జిగురు. గడ్డ మార్చాను, కొత్తగడ్డ తెప్పించాను, కోల్డ్ స్టోరేజీ గడ్డను కొన్నాళ్లు బయట ఆరబెట్టి తీపి తగ్గనిచ్చాను. కొంత మెరుగే గానీ కూర నిలబడలేదు. షెఫ్ రోజూ ఒక చెంచా రుచి చూసి, పెదవి విరిచి పోయేవారు. ఉత్తరాదివాడు, మంచివాడే, నా మీద జాలి కూడా ఉంది. ఆ జాలే నాకు గిట్టలేదు.

ఇక్కడ నర్సింలు సంగతి చెప్పాలి. మా స్టాఫ్ క్యాంటీన్ వంటవాడు. తొండుపల్లిలో పేరున్న రైతు కుటుంబం. వంట ఉద్యోగం, అసలు వ్యాపారం ప్లాట్లు. ఒక చేతిలో గరిటె, ఇంకో చేతిలో ఫోను. "అన్నా, ఈస్టు ఫేసింగు, రోడ్డుకు ఆనుకొనే ఉన్నది" అంటూనే పోపు పెట్టేవాడు. ఫోను లోపలికి తేవద్దని హైజీన్ ఆఫీసర్ మొత్తుకున్నా క్యాంటీన్ దాకా ఆ గొంతు చేరేది కాదు.

ఒకరోజు పొద్దున క్యాంటీన్‌లో ఆలుగడ్డ పులుసు. నేను వెళ్లేసరికి డ్రైవర్లు ప్లేట్లు ముందు పెట్టుకుని గోల చేస్తున్నారు.

"ఏంది నర్సింలన్నా, ఆలుగడ్డ వండినవా, కంకర పోసినవా?"

"జర నమిలి తినుండ్రి. పండ్లు గట్టిపడ్తయ్" అంటున్నాడు వీడు, సిగ్గు లేకుండా.

ముక్క నోట్లో వేసుకున్నాను. గట్టిగానే ఉంది. ఏం జరిగిందో అడక్కుండానే తెలిసింది. మన ఇళ్లలో పొయ్యి ముందు నిలబడ్డ ప్రతివాళ్లకూ చెప్పే మొదటి మాట, ముక్క ఉడికాకే పులుసు పొయ్యమని. చింతపండు ముందే పడితే ముక్క బిరుసెక్కి ఎంతసేపు పెట్టినా మెత్తబడదు. ఈ మహానుభావుడు ప్లాటు బేరంలో పడి పచ్చిగడ్డల మీదే పులుసు పోశాడు.

"నీ ప్లాటు పాడుగాను! ఇంకోపారి ఆ ఫోను కనవడ్డదా, సాంబార్ల ఏస్త" అని నలుగురి ముందే దులిపేశాను.

క్యాంటీన్ వంట ఒకేసారి చేసి, రెండో షిఫ్టు వాటాను చల్లార్చి పెట్టి, మళ్లీ ఓవెన్‌లో వేడిచేసి పెట్టడం మా రివాజు. రెండో షిఫ్టువాళ్లు ఇంకెంత గోల చేస్తారో, నేనే వెళ్లి సర్దిచెబుదామని మధ్యాహ్నం మళ్లీ వెళ్లాను. ఒక్కరూ మాట్లాడటం లేదు. తలలు వంచి తింటున్నారు. లోడింగ్‌లో పనిచేసే ఒకతను లేచి రెండోసారి వడ్డించుకున్నాడు.

బిత్తరపోయి గిన్నెలో చూశాను. ముక్కలు కోసినవి కోసినట్టే ఉన్నాయి, అంచు చెదరలేదు. వేలితో నొక్కితే మెత్తగా దిగింది. అడుగున నీళ్లు లేవు. "దేవా!" అన్నాను పైకే. పొద్దున కంకర, మధ్యాహ్నం వెన్న. పులుపు ముక్కను చితకకుండా పట్టి ఉంచింది, మిగిలిన ఉడుకు ఓవెన్‌లో పూర్తయింది. మన ఆడవాళ్లు చేయొద్దని చెప్పే తప్పే మా వంటింటికి కావలసిన పద్ధతి.

మర్నాటి నుంచి పట్టుపట్టాను. పులుపు ఎంతైతే ముక్క నిలుస్తుంది, ఎంతైతే నోరు జివ్వుమంటుంది, నువ్వులు, కాస్త బెల్లం ఎంత వేస్తే సర్దుకుంటుంది, అన్నీ చూశాను. హైజీన్ ఆఫీసర్‌ను పక్కన నిలబెట్టుకుని, ఓవెన్ నుంచి వచ్చిన ముక్క నడుమలోకి థర్మామీటర్ గుచ్చి, చేరవలసిన వేడి చేరిందని ఆయన చేతనే అనిపించాను. న్యాయంగా ఉండాలని ఆ కంపెనీ ముక్కలతో కూడా ఇదే పద్ధతి చేశాను. పనిచేయలేదు. అవి ముందే సగం ఉడికినవి కదా, వాటి మీద పులుపు పట్టు ఏముంటుంది? ఈ కూర నిలవాలంటే పచ్చిగడ్డే కావాలి. పచ్చిగడ్డ కావాలంటే కోసే చేతులు ఉండాలి. ఆ ముడి తెలిశాక నాకు నిద్ర పట్టింది.

ముక్కలన్నీ ఒకే సైజులో లేకపోతే చిన్నవి చితికి పెద్దవి పచ్చిగా ఉంటాయి. యాదమ్మను పిలిచి చెప్పాను, ఈసారి అరవకుండానే.

"ముక్క మాది, ఉడుకు నీది అక్కా. మా దిక్కెల్లి తేడా రాదు" అంది.

ఒక్కటే చిక్కు. ఈ కూరను పొయ్యి మీది నుంచి దించగానే తింటే ఉడకనట్టే ఉంటుంది. మెనూ ప్రెజెంటేషన్లలో ఏమో అందరూ తాజాగా వండిన కూరనే పింగాణీ ప్లేట్లలో అలంకరించి పెడతారు. విమానంలో ఎవరూ తినని కూరను చూపించి విమానానికి ఒప్పందం చేసుకోవడం! వచ్చినవాళ్లకూ తెలుసు, పెట్టేవాళ్లకూ తెలుసు. ఎన్నేళ్లుగానో నడుస్తోంది. నేను షెఫ్‌తో ముందే మాట్లాడాను, ఈసారి రెండు కూరలూ చల్లార్చి, ఓవెన్‌లో పెట్టి, రేకు డబ్బాల్లోనే ఇద్దామని. ఆయన తలూపారు.

ప్రెజెంటేషన్ రోజు పొద్దున చూస్తే, షెఫ్ తాజాగా ఒక గిన్నె వండించి ప్లేట్లలో సర్దిస్తున్నారు. రేకు డబ్బాలు పెడితే మర్యాదగా ఉండదు, అతిథులు చిన్నబుచ్చుకుంటారు, ఎప్పుడూ చేసినట్టే చేద్దాం అన్నారు.

"షెఫ్, ఇది ఇప్పుడు తింటే ఉడకలేదంటారు. ఇది ఉడికేదే ఓవెన్‌లో" అన్నాను.

ఇప్పుడు గొడవ వద్దు, కాంట్రాక్టు పోతే అందరికీ నష్టం అన్నారు గొంతు తగ్గించి. ఆయన భయం ఆయనది. కానీ ఆ ప్లేటు లోపలికి వెళితే యాదమ్మ, ఆమెతో ఉన్నవాళ్లందరూ ఇంటికి వెళతారు. అది కూడా నా కూర బాగాలేక కాదు, తినకూడని వేళలో తిన్నందుకు. ముందురోజే రెండు కూరలూ నింపి చలిగదిలో ఉంచిన డబ్బాల ట్రేను రెండు చేతులా పట్టుకుని నేను మీటింగ్ గది తలుపు తోశాను.

క్లయింటు అడిగితే తప్ప సూ షెఫ్ నోరు విప్పకూడదు. అది మా దగ్గర రాయని చట్టం. ఎయిర్‌లైన్ క్యాటరింగ్ మేనేజర్ ఒక నడివయసు మహిళ, పక్కన ఇద్దరు. జనరల్ మేనేజర్ గారు నన్ను చూసి కనుబొమలు ముడిచారు. నేను నాకొచ్చిన హైదరాబాదీ హిందీలో ఆమెకే చెప్పాను, మీ ప్రయాణికులు ఈ బల్ల మీద తినరు కదా మేడం, దయచేసి రెండు కూరలూ ఓవెన్ నుంచి తీసినవి తినండి, అందులో నాది ఓడిపోతే ఒక్క మాట అనను అని.

ఆమె నన్ను చూసి, ఓవెన్‌కు ఎంతసేపు పడుతుంది అని అడిగారు. చెప్పాను. ఆగుతామన్నారు.

ఆ ఆగినంతసేపు జనరల్ మేనేజర్ గారు వాతావరణం గురించి మాట్లాడారు, పాపం. ఓవెన్ గంట మోగింది. మొదట కంపెనీ ముక్కల డబ్బా మూత తీశారు. చూడటానికి బాగానే ఉంది, ఫోర్కు పెట్టగానే అడుగున నీళ్లు పక్కకు జరిగాయి, ముక్క స్పాంజిలా కుంగింది. ఆమె కొంచెం తిని పక్కన పెట్టారు. తర్వాత మాది. ఫోర్కు వెన్నలోకి దిగినట్టు దిగింది, ముక్క మాత్రం విడిపోలేదు. తిన్నారు. ఇంకో ముక్క తిన్నారు. పక్కనున్నవాళ్లు కూడా తిన్నారు. పులుపు కొద్దిగా తగ్గించాలి అన్నారు ఆమె. తర్వాత, ఇదే పెట్టండి అన్నారు. అక్కడితో ఆగకుండా మిగతా కూరలన్నీ కూడా వెనక్కి పంపి, ఓవెన్‌లో పెట్టి తెమ్మన్నారు. షెఫ్ మొహం చూడాల్సింది.

పులుపు తగ్గిస్తే ముక్క నిలవదేమోనని ఇంకొన్ని రోజులు తిప్పలు పడ్డాను. తగ్గించకుండా బెల్లం, నువ్వులు పెంచి సర్దాను. ప్రిపరేషన్ విభాగం ఉండిపోయింది. జనరల్ మేనేజర్ గారు మాట మీద నిలబడ్డారు, మట్టి విషయం మాత్రం వదల్లేదు. గడ్డలు కడగడానికి, తొక్క తీయడానికి బయట వేరే షెడ్డు వేయించారు, అది కూడా సబబే. షెఫ్ కొన్నాళ్లు నాతో ముభావంగా ఉన్నారు. తర్వాత అన్ని ప్రెజెంటేషన్లకూ ఓవెన్ పద్ధతే పెట్టి, అది తన పద్ధతి అని చెప్పుకున్నారు. చెప్పుకోనీ, నాదేం పోయింది? నర్సింలు అయితే "నా తప్పుతోనే గెలిచినవ్ అక్కా, గందుకన్న ఒక ప్లాటు తీస్కో" అని నెల రోజులు ప్రాణం తీశాడు.

యాదమ్మకు నేనే వెళ్లి చెప్పాను. ఆమె కత్తి పక్కన పెట్టి, కొంగుతో మొహం తుడుచుకుంది. తర్వాత "రేపు ఎన్ని బస్తాలు దింపాలె?" అని అడిగింది.

ఈ వృత్తిలోకి వచ్చేవాళ్లకు చెప్పదగినది నేను ఆ గడ్డ దగ్గర నేర్చుకున్నదే. కూరను తినే చోట, తినే వేళకు, తినే వేడిలో రుచి చూడాలి. దింపగానే చెంచాతో నాకి బాగుందనుకోవడం మన సంతోషానికే. వండడం పనిలో సగం. తీర్పు చెప్పేవాళ్లు దాన్ని సరైన వేళకు తినేదాకా తలుపు దగ్గర నుంచి కదలకపోవడం మిగతా సగం, ఆ సగం నీ బదులు ఇంకెవరూ చేయరు.